న్యాయమూర్తుల పింఛనూ, కనకమామిడి లెక్కా

హైకోర్టు జడ్జీల పింఛను యెక్కువైపోయిందని ఫిర్యాదు చేయడానికి నేనీ వ్యాసం రాయడం లేదు. యీ మాట ముందే చెప్పాలి. 2025 మే 19న సుప్రీంకోర్టు తీర్పు రాగానే మన మిత్రులు కొందరు “వడ్డించేవాడు మనవాడైతే కడబంతిని కూర్చున్నా ఒకటే” అని నవ్వి వూరుకున్నారు. నవ్వితే సరిపోదు. ఆ తీర్పును చేతబట్టుకొని ప్రభుత్వాన్ని నిలదీయాలి.

తీర్పు సారం యిది: బారు నుంచి వచ్చినా, జిల్లా కోర్టు నుంచి వచ్చినా, అదనపు జడ్జి అయినా, యెన్నేళ్లు పనిచేసినా, రిటైరైన హైకోర్టు జడ్జికి యేడాదికి 13 లక్షల 50 వేలు, ప్రధాన న్యాయమూర్తికి 15 లక్షలు. దానిమీద కరువు భత్యం. అంతకు ముందు 1954 నాటి చట్టం ప్రకారం సర్వీసు యేళ్లను బట్టి లెక్క కట్టేవారు. నడివయసులో బారు నుంచి బెంచికెక్కినవారికి అందులో నష్టం వుండేది. దానిమీద పోరాడింది మన ఆంధ్రప్రదేశ్ హైకోర్టులో జడ్జిగా చేసిన పి. రామకృష్ణంరాజుగారే. వకీలుగా చేసిన పదేళ్లు సర్వీసులో కలపాలని 2014 మార్చి 31న సుప్రీంకోర్టు తేల్చింది. అదీ 2004 ఏప్రిల్ 1 నుంచి లెక్క.

అదే 2004లో, సెప్టెంబరు 1 నుంచి, మన రాష్ట్రంలో కొత్తగా చేరే పంతులుకు పాత పింఛను లేకుండా పోయింది. నేను ఆ తర్వాత చేరినవాణ్ణి. నెలనెలా నా మూలవేతనంలోనూ, కరువు భత్యంలోనూ నూటికి పది కోసుకుంటారు. ముసలితనాన యెంత చేతికొస్తుందో వాటాల బజారు చెప్పాలి. జిల్లా కోర్టుల్లో యిదే పద్ధతి కింద చేరి హైకోర్టుకు వెళ్లిన జడ్జీలకు మాత్రం పూర్తి పింఛను యిచ్చి, వారు కట్టిన సొమ్ము తిరిగి యిమ్మని 2025 తీర్పు చెప్పింది. జడ్జి ముసలితనానికి పనికిరాని పద్ధతి పంతులు ముసలితనానికి యెట్లా పనికొస్తుంది?

న్యాయస్థానాల స్వాతంత్ర్యం కోసమంటారు. ఒప్పుకుంటాను. రేపటి కూటికి భయపడే జడ్జి ప్రభుత్వానికి యెదురు తీర్పు చెప్పలేడు. అందుకే రాజ్యాంగం 112వ అధికరణం హైకోర్టు జడ్జీల పింఛనును సంచిత నిధికి ముడివేసింది. లోక్‌సభలో దానిమీద ఓటు లేదు. బాగుంది. మరి ఓటరుకు స్వాతంత్ర్యం అక్కర్లేదా?

కనకమామిడిలో మా వీధి చివర వొక అవ్వ వుంది. కూలి చేసి చేసి నడుం వంగింది. “సారూ, పైసలు పడ్డయా?” అని నెలనెలా అడుగుతుంది. ఆసరా పింఛను 2014లో వెయ్యి రూపాయలు, 2019లో 2016 అయింది. 2023 ఎన్నికల్లో నాలుగు వేల వాగ్దానం. ధర పెరిగినా ఆమెకు కరువు భత్యం లేదు; ఎన్నిక రావాలి. 2016 లెక్కన జడ్జి వొక్క యేటి పింఛను ఆమెకు ముట్టాలంటే దాదాపు 56 యేళ్లు పడుతుంది! (చేవెళ్ల రోడ్డు వెంట ఫాంహౌసులు కాసే కావలివాళ్లలో ఆ 2016కే యెదురుచూసేవాళ్లున్నారు.)

వృద్ధాప్యంలో సాయం గురించి రాజ్యాంగం 41వ అధికరణం చెబుతుంది. కాని అది ఆదేశసూత్రం. దాన్ని పట్టుకొని కోర్టుకెక్కలేమని 37వ అధికరణం గడియ పెట్టింది. 1982 డిసెంబరు 17న నకారా కేసులో రాజ్యాంగ ధర్మాసనం పింఛను దయాభిక్ష కాదన్నది. ఆ అయిదుగురిలో మన ఓ. చిన్నపరెడ్డిగారు వొకరు. అది ఉద్యోగుల కేసు, నిజమే. పొలంలో నాట్లు వేసిన చేతులు ఉద్యోగం చేయలేదని యెవరనగలరు?

యిక మన సంగతి. మా ఉపాధ్యాయుల సభల్లో పాత పింఛను కావాలని యేటేటా తీర్మానం చేస్తున్నాం, నేనూ చెయ్యెత్తాను. నేనెరిగిన తీర్మానాల్లో అవ్వ పేరెత్తింది లేదు. ఆమె పింఛనుకు చట్టం కావాలనీ, ధరలతో పాటు అది పెరగాలనీ వచ్చే సభలో మన కోర్కెల పక్కనే రాయాలి. యేళ్లు లెక్కించకుండా జడ్జీలందరికీ వొకే పింఛను యిచ్చిన తీర్పు ప్రతిని ఆ తీర్మానానికి జతపరచి పంపుదాం.