మనవారి చిత్రమును మనమెన్నడు చూతుము?

బల్మూరు ప్రాంతమునుండి కూలికై పరాయి రాష్ట్రములకు వెడలినవారికి లోకము పెట్టిన పేరు "పాలమూరు లేబరు". 2016లో జిల్లా విభజింపబడి మన ఊరు నాగర్‌కర్నూలు జిల్లాలో చేరినను ఆ పేరు మాత్రము మనలను విడువలేదు. తల్లిదండ్రులు పెట్టిన పేరును, ఇంటిపేరును, ఊరిపేరును మ్రింగివేసిన ఈ రెండు మాటలను గూర్చి పిల్లలతో మాటాడుటకు మంచి సాధనమొకటి కలదు. అది శ్రీ బి. నర్సింగరావుగారు 1990లో తీసిన "మట్టి మనుషులు" అను చలనచిత్రము.

వీరు 1946లో ప్రజ్ఞాపురమున జన్మించిరి; చిత్రకారులు, కవులు. 1979 నాటి "మా భూమి" నిర్మాతలలో ఒకరు. "రంగుల కల" (1983)లో నగరమందలి చిత్రకారుని పాత్రను తామే ధరించిరి. గడీలోని పనికత్తె బ్రతుకును చూపిన "దాసి" (1988) ఐదు జాతీయ బహుమతులను బడసెను. "మట్టి మనుషులు" కూడ ఉత్తమ తెలుగు చిత్రముగా ఎన్నికయ్యెను. బ్రతుకుదెరువుకై పల్లె విడిచి హైదరాబాదు చేరి, కట్టడముల పనిలో కుదిరిన ఆలుమగల కథ అది. ఇల్లు కట్టినవాడు ఆ ఇల్లు పూర్తియైన దినముననే గడప దాటి పోవలసినవాడు. ఇంతకంటె క్రూరమైన వింత మరియొకటి కలదా?

ఇట్టి చిత్రములు మెల్లగా నడచునని కొందరి ఫిర్యాదు. కావచ్చును. పని దొరకునో లేదో యని అడ్డామీద ప్రొద్దెక్కువరకు నిలుచున్నవానికి కాలము పరుగెత్తునా?

కూలి బ్రతుకును బడిలో చూపి పిల్లలను చిన్నబుచ్చనేల యని పెద్దలు కొందరందురు. ఈ మాటను మేమంగీకరింపజాలము. తండ్రి పూనాలో మట్టి మోయుచుండగా, దరఖాస్తులో "తండ్రి వృత్తి" యను గడియందు "వ్యవసాయము" అని వ్రాసి తల వంచుకొను బాలుడు ఇప్పటికే చిన్నబోయియున్నాడు. మేస్త్రివద్ద ముందుగా సొమ్ము తీసికొని, గుంపుతో వెడలి, ఆనకట్టలకును కాలువలకును మట్టి యెత్తినవారు మన తాతలు. తమ చేలకు నీరు లేక పరుల చేలకు నీరు పారించిరి. ఇది దాచదగిన చరిత్రమా?

మునుపటివలె ఊళ్లకు ఊళ్లు కదలుట తగ్గినది గాని వలస యాగలేదు. పైగా నేడు బీహారునుండి వరినాట్లకును, ఒడిశానుండి ఇటుకబట్టీలకును కూలీలు తెలంగాణమునకు వచ్చుచున్నారు. వారిలో ఎందరి పేర్లు మనకు తెలియును? పాలమూరు లేబరని పిలువబడి నొచ్చుకొనినవారమే, వారిని "బీహారీలు" అను ఒక్కమాటతో పిలుచుచున్నాము.

కావున ఈ యేటి వార్షికోత్సవమున నాటికలలో ఒకటి తగ్గించియైనను ఈ చిత్రమును ప్రదర్శింపవలెనని మా అభిప్రాయము. తల్లిదండ్రులను, ముఖ్యముగా ఊరిలో మిగిలిన అవ్వతాతలను పిలువవలెను. ఇప్పుడు చేతిఫోనుతోనే చిత్రము తీయవచ్చును గదా! పై తరగతుల విద్యార్థులు ఆ తాతల చెంత కూర్చుండి, ఏ యే ఊళ్లకు పోయిరో, మేస్త్రి ఎంత యిచ్చెనో, అక్కడివారు తమ్ము ఏమని పిలిచిరో అడిగి తీయవలెను. మొదట వారి పేరు అడుగవలెను.