తెర మీద గెంతే గుంటడు!

హోంవర్కు టైపు చేస్తుంటే పైనుంచి ఓ బుజ్జి బొమ్మ దబ్బున ఊడిపడుతుంది. లేచి విండో అంచు పట్టుకుని పైకి పాకుతుంది. అక్కడ దర్జాగా కాళ్లు ఊపుకుంటూ కూర్చుంటుంది. మౌస్‌తో పట్టుకుని లాగితే గాల్లో గిలగిల్లాడుతుంది. 'ఈ గుంటడెవడర్రా, తెర మీద గెంతుతున్నాడు?' అని ఏ శ్రీకాకుళం బామ్మయినా బుగ్గలు నొక్కుకోవాల్సిందే! ఇవే డెస్క్‌టాప్ పెట్స్. తెర మీద పెంపుడు బొమ్మలన్నమాట. మేత వెయ్యక్కర్లేదు, స్నానం చేయించక్కర్లేదు.

పిల్లితో మొదలు

ఈ సరదా జపాన్‌లో పుట్టింది. 1980ల్లోనే అక్కడి కంప్యూటర్లలో 'నెకో' అనే పిల్లి ఉండేది. జపాన్ భాషలో నెకో అంటే పిల్లే. మౌస్ బాణం ఎటు కదిలితే అటు పరుగు తీసేది. బాణం ఆగితే ఆవులించి పడుకునేది. 1989లో కెంజి గోటో దాన్ని మెకింతోష్‌కి తెచ్చాడు. తర్వాత యుకి యమదా అనే జపనీయుడు 'షిమెజి' తయారుచేశాడు. పిల్లలు మెచ్చే యానిమె పాత్రలెన్నో దీంతో తెరలెక్కాయి. 2025 జనవరిలో వచ్చిన 'డెస్క్‌టాప్ మేట్'లో నీలి జడల గాయని హత్సునె మికు కూడా తెర మీద నిలబడుతోంది.

ఉచితంగా వచ్చిన కోతి

బొమ్మ మంచిదే.. దాన్ని మోసుకొచ్చే ప్రోగ్రామ్ సంగతే చూసుకోవాలి. అప్పట్లో అమెరికాలో 'బోంజీ బడ్డీ' అని ఊదారంగు కోతి వచ్చింది. జోకులు చెప్పేది, పాటలు పాడేది, పైసా అడిగేది కాదు. పిల్లలు ఎగబడ్డారు. కానీ అది ప్రకటనలు గుప్పించేది. తల్లిదండ్రుల్ని అడక్కుండా పిల్లల వివరాలు సేకరించిందంటూ అక్కడి ఫెడరల్ ట్రేడ్ కమిషన్ కేసు పెట్టింది. 2004లో ఆ కంపెనీ 75 వేల డాలర్ల జరిమానా కట్టాల్సి వచ్చింది. 18 ఏళ్లలోపు వారి వివరాలు తీసుకోవాలంటే తల్లిదండ్రుల అనుమతి ఉండాలని మన పార్లమెంటు కూడా 2023లో చట్టం చేసింది.

అందుకే దొరికిన చోటల్లా బొమ్మల్ని దింపుకోవద్దు. తయారుచేసినవారి సొంత సైటు నుంచో, పేరున్న స్టోర్ నుంచో తీసుకోవాలి. తెరిచేముందు యాంటీవైరస్‌తో పరీక్షించాలి. తెర మీద నడిచే బొమ్మకు మీ ఫోన్ నంబరుతో పనేముంది? అడిగిందంటే తీసెయ్యడమే మంచిది.

మన బొమ్మ మనమే!

ఇంకో దారీ ఉంది. బొమ్మను మనమే గీసుకోవచ్చు. షిమెజిలో కిటుకు చిన్నదే. నడిచే భంగిమ, ఎక్కే భంగిమ, పడిపోయే భంగిమ.. ఇలా 46 చిన్న చిత్రాలుంటాయి. వాటిని వరసగా మార్చి చూపిస్తే బొమ్మ కదిలినట్టుంటుంది. విండో అంచుల్ని అది గోడలనుకుంటుంది. ఫోల్డర్‌లోని చిత్రాల స్థానంలో అదే పేర్లు, అదే సైజుతో మనవి పెడితే మన బొమ్మ నడుస్తుంది. చిత్రం వెనక రంగు లేకుండా చూసుకోవాలి, అంతే. 46 వేరువేరుగా గీసే ఓపిక లేకపోతే ఒకే బొమ్మను నాలుగైదు చోట్ల వాడుకోవచ్చు.

మరి ఎవర్ని గీద్దాం? టెక్కలి దగ్గర తేలినీలాపురానికి ఏటా వలస వచ్చే పెలికాన్ తన సంచి ముక్కు ఊపుకుంటూ తెర మీద నడిస్తే ఎలా ఉంటుంది? బొబ్బిలి తాండ్ర పాపారాయుడు కత్తి పట్టుకుని విండో గోడ ఎక్కితే? శ్రీకాకుళం తీరంలో గుడ్లు పెట్టే ఆలివ్ రిడ్లే తాబేలు ఆ మూలనుంచి ఈ మూలకు నింపాదిగా పాకితే?

చదువుకునే వేళ బొమ్మ మీద రైట్‌క్లిక్ చేసి పంపేయొచ్చు. ఈలోగా ఓ తెల్లకాగితం, పెన్సిలు అందుకోండి. ఎలాగూ ఆదివారమే కదా!