గోళ్ళు చెప్పే కబురు

గోరింటాకు పెట్టుకున్నప్పుడు తప్ప మనం గోళ్ళకేసి చూసుకునేదెప్పుడు? ఇవాళ వంటపని ముగిశాక వెలుతురులో ఓసారి చూసుకోండి.

గోరు మధ్యలో గుంటపడి, అంచులు చెంచాలా పైకి లేచాయా? దానిమీద ఒక నీటిచుక్క వేయండి. జారిపోకుండా నిలిచిందంటే అనుమానించాల్సిందే. సబ్బునీళ్ళలో ఎక్కువగా నానినా గోళ్ళు పాడవుతాయి గానీ, ఇలా చెంచాలా మారడానికి ముఖ్యకారణం ఇనుము లోపం. నీరసం, ఆయాసం, బియ్యమో బలపాలో తినాలనిపించడం కూడా ఉంటే ఇక ఆలస్యం చేయకండి.

"ఆడవాళ్ళకి నీరసం మామూలేగా" అని సరిపెట్టుకోవద్దు. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో 15-49 ఏళ్ళ స్త్రీలలో నూటికి 57 మందికి రక్తహీనత ఉన్నట్టు తేలింది. హిమోగ్లోబిన్ పరీక్ష చేయించుకోండి. గర్భవతులు కాని స్త్రీలకు 12 గ్రాములకు తగ్గితే రక్తహీనతే. నెలసరిలో రక్తస్రావం ఎక్కువైతే డాక్టరుకు దాచకుండా చెప్పండి.

తోటకూరపప్పులో నిమ్మరసం పిండుకుంటే ఇనుము బాగా ఒంటపడుతుంది. భోజనం కాగానే టీ తాగకండి, గంటైనా ఆగండి. అయితే లోపం ఎక్కువగా ఉంటే తిండి ఒక్కటే చాలదు, డాక్టరిచ్చిన మాత్రలు వాడాలి. గోరు నెలకి 3 మిల్లీమీటర్లే పెరుగుతుంది. కొత్త గోరు పూర్తిగా రావడానికి ఆరు నెలలు పడుతుంది, గుణం కనిపించలేదని మధ్యలో మానేయకండి.

వేళ్ళ చివరలు ఉబ్బి, గోళ్ళు చిలకముక్కులా కిందికి వంగితే అది వేరే సంగతి. రెండు చూపుడువేళ్ళ గోళ్ళను ఎదురెదురుగా ఆనించి చూడండి. గోళ్ళ మొదట్లో చిన్న సందు కనపడాలి. కనపడకపోతే గుండె, ఊపిరితిత్తుల పరీక్ష అవసరం. మీవారి వేళ్ళు కూడా చూడండి, ముఖ్యంగా ఆయన సిగరెట్ తాగేవారైతే!