హద్దు చెరిపిన వారెవరు?

లెక్కల పుస్తకము పేదవానికి గొడుగైనను గావచ్చును, పిడుగైనను గావచ్చును. అది పట్టిన చేతిని బట్టి యుండును. కరణము కలము మహిమను తరతరములుగ నెఱిగిన యాంధ్రులకు మేమీ మాట విప్పి చెప్పవలసిన పని లేదు.

శ్రీ వై.హెచ్. మాలెగాము గారు చార్టర్డు అకౌంటెంటు. 1979-80లో ఆ వృత్తివారి జాతీయసంస్థకు అధ్యక్షులు. కంపెనీల పద్దులు చూచుటతోనే తృప్తినొందక వారు తమ విద్యను ప్రజాసేవకు వినియోగించిరి. వాటాలమ్మజూపు కంపెనీలు జనులకు వెల్లడింపవలసిన నిజము లెవ్వియో విచారించుటకు 1995లో సెబీ నియమించిన సంఘమునకును, బ్యాంకుల మొండిబాకీల లెక్కలను మోసములను పరిశీలించుటకు 2018లో రిజర్వు బ్యాంకు నియమించిన సంఘమునకును వారే అధ్యక్షులు.

వారి కలము మన గడపను తాకినది 2010లో. సూక్ష్మఋణసంస్థలు ఒక్కొక యింటికి మూడు నాలుగు అప్పులు తగిలించి, వారము వారము కిస్తులకై వాకిట గూర్చుండ, ఆత్మహత్యల వార్తలు వినవచ్చిన దినములవి. ఆ అక్టోబరులో ఆంధ్రప్రదేశ ప్రభుత్వము ఆర్డినెన్సు చేసెను. అది పిమ్మట శాసనమైనది. వడ్డీ అసలును మించరాదనియు, వసూలు నెలకొకసారి బహిరంగస్థలముననే జరుగవలెననియు అది విధించెను. మాలెగాము సంఘము 2011 జనవరిలో నివేదిక నిచ్చినది: వడ్డీ సాలుకు నూటికి 24కు మించరాదు, అప్పు 25,000 రూపాయలు దాటరాదు, ఒకరికి రెండు సంస్థలకంటె నెక్కువ అప్పీయరాదు. రిజర్వు బ్యాంకు 24ను 26 చేసి యంగీకరించెను. దోపిడికి అంకెతో హద్దు గీచిన ఆ కలమునకు మేము నమస్కరించుచున్నాము.

అయినను ఒక్కచో మేము విభేదింపక తప్పదు. ఈ నియమము లుండగా రాష్ట్రశాసన మక్కరలేదని ఆ సంఘము తలచినది. ఫలమేమి? 2022లో రిజర్వు బ్యాంకు వడ్డీహద్దును తానే తొలగించెను. అధికవడ్డీ కూడదను మాట మిగిలినది, అంకె పోయినది. 2023లో తెలంగాణ హైకోర్టు, రిజర్వు బ్యాంకులో నమోదైన సంస్థలకు రాష్ట్రశాసనము వర్తింపదని తీర్పు చెప్పెను. ఉన్న గోడలు రెండు; ఒకటి కట్టినవారే కూల్చిరి, రెండవదానికి పునాది లేదనిరి. అప్పుపడిన ఆడుబిడ్డ కేది చాటు?

శాసనము వచ్చిన పిమ్మట వసూళ్లు కూలిపోయెననియు, పేదకు అప్పే పుట్టకపోయెననియు సంస్థలవారందురు. అది నిజమే. ఇల్లు కురిసిన కప్పు నేయవలయును గాని, కప్పే పీకివేయుదురా? పోటీ వలన వడ్డీ దానంతట తగ్గునందురు. వారపు కిస్తుకై పొరుగింట చేబదులు తెచ్చుకొను స్త్రీ ఏ సంతలో బేరమాడగలదు?

అంకె లేని హద్దు హద్దు గాదు. రిజర్వు బ్యాంకు మరల అంకె వేయవలయును. అంతవఱకు పఠనమందిరములలోని విద్యావంతులు ఊరక కూర్చుండరాదు. అప్పు షరతులు, మొత్తము వడ్డీ, ఋణగ్రహీతకు తెలిసిన భాషలో వ్రాసి యీయవలెనని 2022 నియమములే చెప్పుచున్నవి. ఆ కాగితము నడిగి తెప్పించి, మీ వీథిలోని అక్కచెల్లెండ్రకు చదివి వినిపింపుడు. ఒక్క అకౌంటెంటు గీచిన గీతను నిలుపుటకు వేయిమంది లెక్క తెలిసినవారు కావలయును.