ఎనిమిదో తరగతికి రాగానే గజ్జెలు విప్పించాలా?



ఏటా జూన్ నెలలో మాకు ఒకే మాట వినిపిస్తుంటుంది. "మేడం, పాప ఎనిమిదికి వచ్చేసింది. ఫౌండేషన్ కోర్సు ఉంది కదా, ఇంక డ్యాన్స్ మాన్పించేస్తాం." మీ భయం నాకు అర్థమవుతుంది. కష్టపడి ఫీజు కట్టేది మీరు, రేపు ర్యాంకు రాకపోతే బాధపడేదీ మీరే. అయినా ఆ నిర్ణయానికి ముందు ఒక నటి గురించి మీతో చెప్పాలనుంది.

1963లో వచ్చిన 'నర్తనశాల' మీ ఇంట్లో పెద్దవాళ్లు చూసే ఉంటారు. అందులో ఉత్తర పాత్ర వేసిన ఎల్. విజయలక్ష్మి ముందు నర్తకి, ఆ తర్వాతే నటి. 'జగదేకవీరుని కథ', 'గుండమ్మ కథ', 'రాముడు భీముడు' సినిమాల్లోనూ ఆవిడ కనిపిస్తారు. ఎన్టీఆర్ అంతటి హీరో పక్కన ఆవిడను నిలబెట్టింది నాట్యమే. బృహన్నల పాత్ర కోసం ఆయన కూడా నలభైకి దగ్గరపడిన వయసులో కూచిపూడి నేర్చుకున్నారు.

అసలు కథ ఆ తర్వాత ఉంది. 1969లో పెళ్లయ్యాక విజయలక్ష్మి సినిమాలు వదిలేశారు. భర్త వ్యవసాయ శాస్త్రవేత్త. ఫిలిప్పీన్స్‌లోని అంతర్జాతీయ వరి పరిశోధన సంస్థలో పనిచేసేవారు. ఐఆర్-8 వరి వచ్చింది అక్కడి నుంచే. అక్కడ ఆవిడ మళ్లీ పుస్తకాలు పట్టారు, అకౌంటింగ్ చదివారు. తర్వాత అమెరికాలో వర్జీనియా టెక్ విశ్వవిద్యాలయంలో బడ్జెట్ లెక్కలు చూసే ఉద్యోగం చేశారు. తెర మీద చప్పట్లు కొట్టించుకున్న మనిషి, కొత్త దేశంలో విద్యార్థినిగా కూర్చోవడం చిన్న విషయం కాదు.

నాట్యం వల్లే ఆవిడకు లెక్కలు వచ్చాయని నేను అనను. కానీ ఒకే అడవును తప్పు పోయేదాకా వందసార్లు చేసిన పిల్లకు, రాని లెక్కను మళ్లీ మొదటి నుంచి చేయడం కొత్తగా అనిపించదు. తాళం తప్పితే గురువు అందరి ముందే ఆపుతారు. సిగ్గుపడకుండా మళ్లీ మొదలుపెట్టాలి. పరీక్షలో మార్కులు తగ్గిన రోజున ఆ అలవాటే పిల్లను నిలబెడుతుందని నా నమ్మకం.

ఇంకో మాట. ఆవిడకు ముందు నాట్యం, తర్వాత చదువు వచ్చాయి. మన పిల్లలకు రెండూ కలిపి ఇచ్చే వీలుంది. పైగా మనం ఉన్నది ఎక్కడ? 1919లో సంగీత కళాశాల పెట్టి, ఆదిభట్ల నారాయణదాసు గారిని మొదటి ప్రిన్సిపాల్‌గా కూర్చోబెట్టిన విజయనగరం మనది. ఘంటసాల గారు చదువుకున్నది అక్కడే. తప్పెటగుళ్లకు శ్రీకాకుళం పల్లెల్లో ఇప్పటికీ జనం మూగుతారు. ఇలాంటి చోట పుట్టిన పిల్లకు పదమూడేళ్లకే గజ్జెలు అటకెక్కించడం న్యాయమా?

అలాగని టీవీ షోల కోసం, రీల్స్ కోసం పిల్లల్ని తోయమని కాదు. అదీ ఒత్తిడే. పిల్లకు ఇష్టం లేకపోతే మాన్పించండి, తప్పులేదు. ఇష్టం ఉంటే మాత్రం వారానికి రెండు గంటలు ఉంచండి. పరీక్షల నెలలో ఒక గంటకు తగ్గించండి, పూర్తిగా తీసేయకండి.

ఈసారి పేరెంట్స్ మీటింగ్‌కు వచ్చే ముందు, మీ పాపనో బాబునో కూర్చోబెట్టుకుని ఒక్కసారి అడగండి: "నీకు ఇది మానేయాలని ఉందా?" వాళ్లు చెప్పే జవాబు విన్నాక, మనం మాట్లాడుకుందాం.