జేసీబీ కంటే ముందు జడ్జి

హైదరాబాద్ మాదాపూర్‌లో తమ్మిడికుంట చెరువు పక్కన ఒక సినీ నటుడి ఎన్ కన్వెన్షన్ హాలును, చెరువుల ఆక్రమణలు తొలగించేందుకు తెలంగాణ ప్రభుత్వం పెట్టిన సంస్థ హైడ్రా కూల్చింది 2024 ఆగస్టు 24న. శనివారం. హైకోర్టు ఆ రోజే స్టే ఇచ్చింది గానీ, ఆ ఉత్తర్వు వచ్చేసరికి అక్కడ ఆపడానికి పెద్దగా ఏమీ మిగల్లేదు. అంత పేరున్న నటుడికి, పెద్ద లాయర్లను పెట్టుకోగల మనిషికే స్టే అంత ఆలస్యంగా అందింది. మరి నెల నెలా ఈఎంఐ కట్టుకుంటూ రెండు గదుల ఇంట్లో ఉన్నవాడి సంగతేమిటి? వాడికి లాయరు దొరికేసరికే సోమవారం అవుతుంది.

సరిగ్గా నెల తిరక్కముందే, సెప్టెంబర్ 22న, నగర శివారు అమీన్‌పూర్‌లో మళ్లీ కూల్చివేత. ఈసారి ఆదివారం. వ్యవహారం కోర్టులో ఉండగా, సెలవు రోజున అంత తొందర ఏమొచ్చిందని హైకోర్టు అధికారులను నిలదీసింది. వారాంతాన్ని ఎంచుకోవడం యాదృచ్ఛికమంటే నమ్మేవాళ్లెవరు? కోర్టుకు తాళం ఉన్న రోజున యంత్రం కదిలిందంటే, తన కాగితాల బలం మీద సర్కారుకే నమ్మకం లేదని అర్థం.

భూమి ఎవరిదన్న దాని మీద నిజమైన వివాదం ఉన్నచోట, కోర్టు తేల్చేదాకా ఎవరినీ కదిలించకూడదు. ఇది మేం కొత్తగా కనిపెట్టిన సూత్రం కాదు. హైదరాబాద్ భూమి మీదే పుట్టింది. హబ్సిగూడలోని స్థలం తమదని ఉస్మానియా విశ్వవిద్యాలయం 1956లో దావా వేసి ఓడిపోయింది. ఆ తర్వాత ప్రభుత్వం దొడ్డిదారి పట్టి, 1905 నాటి భూ ఆక్రమణ చట్టం కింద తహసీల్దార్ చేత ఖాళీ చేయమని ఉత్తర్వు ఇప్పించింది. సుప్రీంకోర్టు 1982లో దాన్ని ఒప్పుకోలేదు. హక్కు మీద నిజమైన వివాదం ఉంటే సర్కారు కూడా సివిల్ కోర్టు మెట్లెక్కాల్సిందేననీ, తన దావాలో తానే తీర్పరి కాకూడదనీ తేల్చింది. నలభై ఏళ్లు దాటాక అదే నగరంలో ఈ పాఠాన్ని మళ్లీ చెప్పాల్సి రావడం సిగ్గుచేటు.

కూల్చివేతలపై 2024 నవంబర్ 13న సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు పదిహేను రోజుల నోటీసు తప్పనిసరి చేసింది. ధిక్కరించిన అధికారి తన జేబులోంచి నష్టం పూడ్చాలంది. అయితే రోడ్ల మీద, నీటి వనరుల్లో ఉన్న అక్రమ కట్టడాలకు ఆ రక్షణ లేదు. హైడ్రాను సమర్థించేవారు ఈ మినహాయింపునే చూపిస్తారు. ఇక్కడే మెలిక ఉంది. చెరువు ఎక్కడిదాకా అన్నదే కదా అసలు తగువు! హైడ్రా పుట్టేనాటికి చాలా చెరువులకు ఎఫ్‌టీఎల్ (చెరువు పూర్తిగా నిండితే నీరు చేరే హద్దు) తుది నోటిఫికేషనే రాలేదు. హద్దురాయి పాతకుండానే హద్దు దాటావని మనిషిని శిక్షించడం ఏ చట్టం?

స్టేలను అడ్డం పెట్టుకుని చెరువులు మింగినవాళ్లు లేరని మేం అనడం లేదు. ఉన్నారు, బాగా ఉన్నారు. అవతలి పక్షం వినకుండా ఇంజంక్షన్ ఇస్తే ఆ పిటిషన్‌ను ముప్పై రోజుల్లో తేల్చడానికి ప్రయత్నించాలని సివిల్ ప్రొసీజర్ కోడే చెబుతోంది. ఆచరణలో ఆ ముప్పై రోజులు ఏళ్లవుతాయి, ఈలోగా రెండంతస్తులు లేస్తాయి. ఆరు నెలలకు స్టే దానంతటదే పోవాలని సుప్రీంకోర్టు 2018లో అంది. 2024 ఫిబ్రవరిలో అయిదుగురు జడ్జీల ధర్మాసనం దాన్ని కొట్టేసింది. మంచిదే. వాయిదాలు కోర్టువైతే శిక్ష కక్షిదారుకెందుకు? కానీ స్టే పొడిగించడం ఎంత తేలికో, ఆ పిటిషన్ మీద వాదన వినడం అంత కష్టమైపోయింది. స్టే చూపించి కొత్తగా ఇటుక పేర్చేవాడికి ఆ స్టే వెంటనే రద్దు కావాలి. ఉన్న ఇంట్లో ఉంటున్నవాడికి, ఖాళీ స్థలంలో రాత్రికి రాత్రి షెడ్డు వేసినవాడికి ఒకటే కొలబద్ద పెట్టకూడదు. ఆ తేడా పట్టుకోవాల్సింది జడ్జి, జేసీబీ డ్రైవరు కాదు.

ముందు కోర్టుకెళ్లడం ప్రభుత్వానికేమీ మోయలేని భారం కాదు. దానికి ప్రతి జిల్లాలో గవర్నమెంటు ప్లీడర్లున్నారు, రికార్డులున్నాయి, సర్వేయర్లున్నారు. కేసు వస్తుందని తెలిసినచోట ముందే కేవియట్ వేసుకోవచ్చు. అప్పుడు తనను వినకుండా స్టే రాదు. నోటీసులో సర్వే నంబరు, ఎఫ్‌టీఎల్ మ్యాపు, జవాబుకు గడువు ఉండాలి. శుక్రవారం సాయంత్రం నుంచి సోమవారం ఉదయం దాకా, ప్రాణాపాయముంటే తప్ప, కూల్చివేతలు ఉండవని రాతపూర్వక ఉత్తర్వు ఇవ్వాలి. ఇప్పటికే కూల్చేసిన ఇళ్లలో హద్దు దాటలేదని తేలినవాటికి పరిహారం ఎవరి జీతంలోంచి కట్టిస్తారో కూడా ఆ ఉత్తర్వులోనే రాయాలి.