మట్టి కోర్టు మనకు కొత్త కాదు



మట్టి కోర్టు మన అమ్మాయిలకు అచ్చిరాదని గత సంచికలోని టెన్నిస్ వ్యాసంలో చదివి, ఊరుకోలేక రాస్తున్నాను. 2015 ఏప్రిల్‌లో మన సానియా మీర్జా డబుల్స్‌లో ప్రపంచ నంబర్ వన్ అయింది ఎక్కడ గెలిచి? అమెరికాలోని చార్ల్‌స్టన్‌లో, మట్టి కోర్టు మీదే, మార్టినా హింగిస్‌తో కలిసి. అంతకు మూడేళ్ల ముందు, 2012లో, పారిస్ ఎర్రమట్టి మీద మహేశ్ భూపతితో మిక్స్‌డ్ డబుల్స్ టైటిల్. ఈ రెండూ వ్యాసంలో లేకపోవడం చిన్న పొరపాటు కాదు.

మట్టి మీద బంతి నెమ్మదిస్తుంది, ఎత్తుగా లేస్తుంది. ఓపిక ఉన్నవాళ్లదే ఆట. ఓపిక గురించి అనంతపురం వాళ్లకు ఒకరు చెప్పాలా? 2010లో టెన్నిస్ ఆటగాడు నాదల్ ఫౌండేషన్, స్వచ్ఛంద సంస్థ ఆర్డీటీ కలిసి ఇక్కడ టెన్నిస్ బడి తెరిచాయి. అక్కడ నేర్చుకునే మా వీధి పిల్ల సెలవు రోజున మా గోడకేసి బంతి కొడుతుంది. తెల్లసున్నం మీద నడుమెత్తున ఎర్రమట్టి గుండ్రటి మరకలు, ఒకదాని మీద ఒకటి. నేను తుడవనివ్వలేదు.

మట్టి కోర్టుకు రోజూ నీళ్లు చల్లాలి. ఏడాదికి సుమారు 550 మిల్లీమీటర్ల వాన పడే ఈ కరువు సీమలో అసలు కష్టం అదీ. రాస్తే దాని గురించి రాయండి.

— ఒక పాఠకురాలు, అనంతపురం